వైఫై ఎనలైజర్ ఏం చూపుతుంది, ఏం చూపదు

ఫోను తెర పైమూలన కనిపించే వైఫై గీతలను నమ్మి రౌటర్ గురించి ఏ నిర్ణయమూ తీసుకోకూడదని నా అభిప్రాయం. ఎంత బలానికి ఎన్ని గీతలు చూపాలన్నది ఫోను తయారుచేసినవారు తమకు తోచినట్టు పెట్టుకునే లెక్క. అందుకే ఒకే బల్ల మీద పక్కపక్కన పెట్టిన రెండు ఫోన్లలో ఒకదానిలో గీతలు నిండుగా, రెండోదానిలో సగమే కనిపించడం మామూలు విషయం. గీతలు నిండుగా ఉన్నా వీడియో కాల్ తెగిపోవడం, రెండే గీతలున్నా సినిమా ఆగకుండా నడవడం కూడా అందరికీ అనుభవమే. సిగ్నల్ బలం ఒక సంగతి, నెట్ వేగం మరో సంగతి. ఈ రెండింటినీ విడదీసి చూడటానికి వైఫై ఎనలైజర్లు అనే సాఫ్ట్‌వేర్లు ఉపయోగపడతాయి. ఇరుకైన సందులో ఎదురెదురుగా అపార్ట్‌మెంట్లు లేచిన హైదరాబాద్ కాలనీలో ఉంటూ, ఇంటి నుంచే ఉద్యోగం చేసే వాడిగా నాకు వీటి అవసరం తరచూ పడింది. వీటిని ఎలా చదవాలో, వీటి మాట ఎక్కడి వరకు నమ్మవచ్చో ఇక్కడ రాస్తున్నాను.

ఈ సాఫ్ట్‌వేర్ చేసే పని ప్రధానంగా వినడమే. ప్రతి రౌటరూ తన ఉనికిని చాటుకుంటూ బీకన్ అనే చిన్న సందేశాన్ని సాధారణంగా 102.4 మిల్లీసెకన్లకు ఒకసారి, అంటే సెకనుకు దాదాపు పదిసార్లు, గాలిలోకి వదులుతుంది. నెట్‌వర్క్ పేరు, ఆ రేడియోకు ఉన్న 48 బిట్ల చిరునామా, అది వాడుతున్న ఛానల్ (రేడియో పట్టీలో అది వాడే ముక్క), ఛానల్ వెడల్పు, భద్రత రకం ఇవన్నీ ఆ సందేశంలోనే ఉంటాయి. వాటిని చూడటానికి పాస్‌వర్డ్ అక్కరలేదు, ఆ నెట్‌వర్క్‌లో చేరవలసిన పనీ లేదు. సిగ్నల్ బలం మాత్రం బీకన్‌లో రాసి ఉండదు. ఆ సందేశం తన దాకా ఎంత శక్తితో వచ్చిందో మన ఫోనులోని వైఫై చిప్పే కొలిచి చెబుతుంది. ఈ తేడాను గుర్తుంచుకోవాలి. పేరు, ఛానల్ వంటివి రౌటర్ చెప్పిన మాటలు, బలం మన ఫోను వేసిన అంచనా. కాబట్టి ఇద్దరి ఫోన్లలో అంకెలు నాలుగైదు డెసిబెళ్లు (బలంలో తేడాను చెప్పే కొలత) అటూ ఇటూ ఉంటే కంగారు పడనక్కరలేదు. ఒకే ఫోనుతో అన్ని చోట్లా కొలిచి పోల్చుకుంటే చాలు.

యాప్ తెరవగానే కనిపించే జాబితా మొదట కొంత గందరగోళంగా ఉంటుంది. మా హాలులో నిలబడి చూస్తే ముప్పైకి పైగా వరుసలు కనిపిస్తాయి, కానీ మా చుట్టూ అన్ని రౌటర్లు లేవు. ఒకే రౌటర్ తాను వాడే రెండు రేడియో పట్టీలలో, అంటే 2.4 గిగాహెర్ట్జ్‌లో ఒకసారి, 5 గిగాహెర్ట్జ్‌లో ఒకసారి, అతిథుల కోసం పెట్టిన పేరుతో మరోసారి తనను తాను ప్రకటించుకుంటుంది. చిరునామాలను పోల్చి చూస్తే ఏవి ఒకే పెట్టెలోంచి వస్తున్నాయో సాధారణంగా పోల్చుకోవచ్చు, ఎందుకంటే వాటిలో చివరి అంకెల్లోనో మొదటి జంటలోనో మాత్రమే తేడా ఉంటుంది. చిరునామాలోని మొదటి 24 బిట్లు తయారీ సంస్థకు కేటాయించినవి కనుక, చాలా ఎనలైజర్లు వాటిని చూసి ఆ రౌటర్ ఏ కంపెనీదో కూడా రాసి చూపిస్తాయి. పేరు దాచిన నెట్‌వర్క్‌లు ఖాళీ పేరుతో జాబితాలో కనిపిస్తూనే ఉంటాయి. పేరు దాచడం వల్ల భద్రత పెరుగుతుందనే నమ్మకం ఎంత బలహీనమైనదో ఆ ఖాళీ వరుసలే చెబుతాయి.

పేరు ప్రస్తావన వచ్చింది కనుక ఒక చిన్న విషయం. నెట్‌వర్క్ పేరు 32 బైట్లకు మించకూడదు. తెలుగు లిపిలో ఒక్కో అక్షర సంకేతం మూడు బైట్లు తీసుకుంటుంది; గుణింతపు గుర్తుకూ పొల్లుకూ విడివిడిగా మూడేసి బైట్లు పోతాయి. ‘మా ఇల్లు’ అన్న చిన్న పేరుకే 22 బైట్లు ఖర్చవుతాయి. ఇంటిపేరుతో సహా తెలుగులో పెట్టుకోవాలనుకునేవారు ఈ లెక్క ముందే చూసుకోవడం మంచిది.

ఇలా వినడం కొత్తేమీ కాదు. మారియస్ మిల్నర్ రాసిన నెట్‌స్టంబ్లర్ అనే విండోస్ ప్రోగ్రాం 2001లోనే వచ్చింది. లాప్‌టాప్‌ను కారులో పెట్టుకుని వీధులు తిరుగుతూ నెట్‌వర్క్‌ల పటాలు తయారుచేసే సరదా దానితో బాగా వ్యాపించింది. పేర్లనూ బలాలనూ నమోదు చేసుకోవడానికీ, గాలిలో పోతున్న సమాచారాన్నే పట్టి దాచుకోవడానికీ మధ్య ఉన్న గీత ఎంత ముఖ్యమైనదో 2010లో లోకానికి తెలిసింది. వీధుల ఫొటోలు తీసే తమ స్ట్రీట్ వ్యూ కార్లు తాళం వేయని నెట్‌వర్క్‌ల నుంచి సందేశాల లోపలి భాగాన్ని కూడా సేకరించాయని ఆ ఏడాది గూగుల్ ఒప్పుకుంది. ఈ వ్యవహారంలో దర్యాప్తుకు సరిగ్గా సహకరించలేదంటూ అమెరికా ఫెడరల్ కమ్యూనికేషన్స్ కమిషన్ 2012లో ఆ సంస్థకు 25,000 డాలర్ల జరిమానా ప్రతిపాదించింది. మనం ఫోనులో వేసుకునే ఎనలైజర్లు ఆ గీతకు ఇవతలే ఉంటాయి. పక్క ఫ్లాట్‌వారు ఏం చూస్తున్నారో, ఎవరితో మాట్లాడుతున్నారో వాటికి తెలియదు. తమ రౌటర్‌ను స్థాన నిర్ధారణకు గూగుల్ వాడుకోవడం ఇష్టం లేనివారు నెట్‌వర్క్ పేరు చివర అండర్‌స్కోర్ పెట్టి, దాని వెంట ఇంగ్లిష్ అక్షరాలలో ‘నోమ్యాప్’ అని చేర్చుకోవచ్చు.

ఇక ఏ సాఫ్ట్‌వేర్ వాడాలన్న ప్రశ్నకు జవాబు మన దగ్గర ఉన్న పరికరాన్ని బట్టి ఉంటుంది. ఆండ్రాయిడ్‌లో వైఫై ఎనలైజర్ అన్న పేరుతోనే చాలా యాప్‌లు ఉన్నాయి. వాటిలో ప్రకటనలు లేని, మూలకోడ్ అందరికీ తెరిచి ఉంచిన యాప్ ఒకటి ఉంది, నేను వాడేది అదే. విండోస్‌లో ఇన్‌సైడర్, నిర్‌సాఫ్ట్ వారి వైఫై ఇన్ఫో వ్యూ ప్రసిద్ధమైనవి. ఏదీ దించుకోకుండానే కమాండ్ ప్రాంప్ట్‌లో ‘నెట్‌ష్’ ఆదేశంతోనూ జాబితా తెప్పించుకోవచ్చు గానీ, అది బలాన్ని శాతంలో చూపిస్తుంది. ఆ శాతాన్ని సగం చేసి అందులోంచి 100 తీసివేస్తే బలాన్ని చెప్పే డీబీఎం అంకె వస్తుంది (దాని అర్థం కింద చెబుతాను). 60 శాతం అంటే మైనస్ 70 అన్నమాట. మ్యాక్‌లో ఆప్షన్ మీట నొక్కి పట్టుకుని వైఫై గుర్తు మీద నొక్కితే మనం చేరి ఉన్న నెట్‌వర్క్ బలమూ, నాయిస్ (సిగ్నల్ వెనుక ఉండే రేడియో రొద) మట్టమూ రెండూ కనిపిస్తాయి. లినక్స్‌వారికి ‘ఎన్‌ఎంసీఎల్‌ఐ’, ‘వేవ్‌మాన్’ ఉండనే ఉన్నాయి. ఐఫోన్ విషయానికి వస్తే, చుట్టుపక్కల నెట్‌వర్క్‌లను వెతికే అవకాశాన్ని ఆపిల్ సంస్థ బయటి యాప్‌లకు ఇవ్వదు. ఆ సంస్థే ఇచ్చే ఎయిర్‌పోర్ట్ యుటిలిటీ యాప్‌లో, సెట్టింగ్స్‌లోకి వెళ్లి వైఫై స్కానర్‌ను ఆన్ చేసుకుంటే మాత్రం జాబితా వస్తుంది. ఐఫోన్‌లో చుట్టుపక్కల నెట్‌వర్క్‌లన్నీ చూపిస్తామని ప్రకటించుకునే ఇతర యాప్‌లకు డబ్బు కట్టేముందు ఈ సంగతి తెలిసి ఉండాలి.

ఆండ్రాయిడ్ వాడేవారు తప్పక చూసుకోవలసిన సెట్టింగ్ ఒకటి ఉంది. 2018లో వచ్చిన ఆండ్రాయిడ్ 9 నుంచి, తెర మీద తెరిచి ఉన్న యాప్ కూడా రెండు నిమిషాలలో నాలుగుసార్లకు మించి స్కాన్ చేయడానికి వీల్లేదు. బ్యాటరీ ఆదాకు పెట్టిన ఈ నియమం వల్ల, ఫోను పట్టుకుని హాలులోంచి పడకగదిలోకి నడిచి వెళ్లేవారికి తెర మీద ఇంకా హాలులోని అంకే కనిపిస్తూ ఉండవచ్చు. ‘మాస్టర్ బెడ్‌రూమ్‌లో సిగ్నల్ బ్రహ్మాండంగా ఉంది, అయినా నెట్ రావడం లేదు’ అని మా అపార్ట్‌మెంట్ వాట్సాప్ గ్రూపులో వచ్చిన ఫిర్యాదు వెనుక ఉన్నది ఈ పాత అంకే. ఆండ్రాయిడ్ 10 నుంచి డెవలపర్ ఆప్షన్స్‌లో ‘వైఫై స్కాన్ త్రాట్లింగ్’ అనే స్విచ్ ఉంది; పై పరిమితిని పెట్టేదీ తీసేదీ అదే. (డెవలపర్ ఆప్షన్స్ అంటే సెట్టింగ్స్‌లో మామూలుగా దాగి ఉండే జాబితా.) కొలతలు తీసేటప్పుడు దాన్ని ఆఫ్ చేసుకోవాలి. ఆ స్విచ్ జోలికి వెళ్లడం ఇష్టం లేకపోతే ప్రతి చోటా నిమిషం పాటు కదలకుండా నిలబడి, ఆ తర్వాతే అంకె రాసుకోవాలి. లొకేషన్ ఆన్ చేయకపోతే జాబితా ఖాళీగా కనిపిస్తుంది. చుట్టూ ఉన్న రౌటర్ల చిరునామాలను బట్టి మనం ఎక్కడ ఉన్నామో కనిపెట్టవచ్చు కనుక ఆ అనుమతిని అలా ముడిపెట్టారు.

ఇప్పుడు అసలు అంకెల దగ్గరకు వద్దాం. ఎనలైజర్ చూపే బలం డీబీఎంలో, మైనస్ గుర్తుతో ఉంటుంది. ఒక మిల్లీవాట్ శక్తిని సున్నాగా తీసుకుని, దాని కంటే ఎంత తక్కువో చెప్పే కొలమానం ఇది. పది తగ్గిన ప్రతిసారీ శక్తి పదోవంతుకు పడిపోతుంది, మూడు తగ్గితే సుమారు సగమవుతుంది. మైనస్ 30 అంటే మిల్లీవాట్‌లో వెయ్యోవంతు, మైనస్ 60 అంటే పది లక్షలోవంతు, మైనస్ 90 అంటే నూరు కోట్లోవంతు. మైనస్ 40కీ మైనస్ 70కీ మధ్య ముప్పై అంకెల తేడాయే కనిపించినా, అక్కడ అందుతున్న శక్తిలో తేడా వెయ్యి రెట్లు. ఇంత సూక్ష్మమైన శక్తితోనే మన పనులన్నీ జరిగిపోతున్నాయన్నది నాకు ఇప్పటికీ ఆశ్చర్యంగానే ఉంటుంది. వాడుకలో ఉన్న అంచనా ప్రకారం మైనస్ 67 కంటే మెరుగ్గా ఉంటే వీడియో కాల్‌కూ మాటలకూ ఇబ్బంది ఉండదు. మైనస్ 70 దాటాక వేగం తగ్గడం మొదలవుతుంది. మైనస్ 80 దగ్గర పేజీలు తెరుచుకోవడమే కష్టం. అయితే ఈ అంకె ఒక్కటే సరిపోదు. 20 మెగాహెర్ట్జ్ వెడల్పు ఉన్న ఛానల్‌లో వేడి వల్ల సహజంగా ఉండే నాయిస్సే మైనస్ 101 దగ్గర ఉంటుంది, పరికరంలోని నాయిస్ కలిస్తే అది మైనస్ 95 ప్రాంతానికి చేరుతుంది. మన సిగ్నల్ ఆ మట్టానికి ఎంత ఎత్తులో ఉందన్నదే అసలు లెక్క. మ్యాక్, లినక్స్ వంటివి ఆ మట్టాన్ని చూపిస్తాయి, ఫోన్ యాప్‌లు చాలావరకు చూపించవు.

మన ఇళ్లలో ఈ కొలతలు తీయడానికి కారణం ఇళ్ల నిర్మాణంలోనే ఉంది. చెక్క చట్రాలకు పలచని బోర్డులు కొట్టి గోడలు కట్టే దేశాల కోసం రాసిన సలహాలు ఇటుక గోడ, ఆర్‌సీసీ శ్లాబ్, ఇనుప చువ్వలు నిండిన పిల్లర్లు ఉన్న మన ఇళ్లకు సరిగ్గా అతకవు. పైగా రౌటర్ ఎక్కడ ఉండాలో నిర్ణయించేది ఇంట్లోవాళ్లు కాదు, ఫైబర్ తీగ ఎక్కడి నుంచి లోపలికి వచ్చిందో అదే నిర్ణయిస్తుంది. సాధారణంగా అది వీధి తలుపు పక్కనో, టీవీ వెనుకనో, అటక మీద పాత సామాన్ల మధ్యనో ఉంటుంది. కొత్త గేటెడ్ కమ్యూనిటీలలోనైతే తీగలన్నీ కలిసే ఇనుప పెట్టెను తలుపు వెనుక గోడలో బిగించి, రౌటర్‌ను కూడా దానిలోనే పెట్టి మూత వేస్తున్నారు. చూడటానికి అందంగా ఉండవచ్చు గానీ, రేడియో పరికరాన్ని ఇనుప డబ్బాలో మూయడం కంటే ప్రతికూలమైన ఏర్పాటు ఊహించడం కష్టం. ఆ మూత తీసి ఒకసారి, వేసి ఒకసారి ఎనలైజర్‌లో అంకె చూస్తే సందేహం తీరిపోతుంది.

మా ఫ్లాట్‌లో రౌటర్ వీధి తలుపు పక్కన చెప్పుల స్టాండ్ పైన ఉన్నప్పుడు, 5 గిగాహెర్ట్జ్‌లో హాలు సోఫా దగ్గర మైనస్ 42, భోజనాల బల్ల దగ్గర మైనస్ 55, పిల్లల గదిలో మైనస్ 68, వెనుక పడకగదిలో మంచం దగ్గర మైనస్ 79 ఉండేది. అదే రౌటర్ 2.4 గిగాహెర్ట్జ్‌లో వెనుక గదికి మైనస్ 63తో చేరేది. పౌనఃపున్యం పెరిగేకొద్దీ, ఖాళీ స్థలంలో అదే దూరానికి అందే బలం తగ్గుతుంది, 2.4తో పోలిస్తే 5 గిగాహెర్ట్జ్‌కు ఈ తేడా సుమారు ఏడు డెసిబెళ్లు. మిగిలిన తేడా అంతా గోడలు తిన్నదే. వెనుక గదిలో ఒక విచిత్రం కూడా కనిపించింది. తలుపు దగ్గర నిలబడితే మైనస్ 71, నాలుగడుగులు లోపలికి వచ్చి మంచం మీద కూర్చుంటే మైనస్ 79. దూరం అంత పెరగలేదు, గోడ కొత్తగా అడ్డం రాలేదు. అడ్డం వచ్చింది పెళ్లినాటి ఇనుప బీరువా. దాన్ని ఎదురు గోడకు జరిపించాక మంచం దగ్గర కూడా మైనస్ 72 వచ్చింది. లోహం రేడియో తరంగాలను వెనక్కి తిప్పికొడుతుంది. బీరువా, ఫ్రిజ్, లోహపు పూత ఉన్న నిలువుటద్దం అన్నీ ఈ కోవలోనివే. నీరు తరంగాలను పీల్చుకుంటుంది, మన ఒళ్లూ అధికభాగం నీరే. ఫోను పట్టుకుని రౌటర్ వైపు వీపు తిప్పి చూస్తే అంకె ఐదారు పడిపోవడం ఎవరైనా పరీక్షించుకోవచ్చు. అందుకే కొలత తీసే ప్రతిసారీ ఒకే దిక్కుకు తిరిగి, ఫోనును ఒకే ఎత్తులో పట్టుకోవాలి.

చివరికి ఎక్కువ లాభం ఇచ్చిన మార్పు చాలా సాదాది: పొడవైన ఫైబర్ తీగ వేయించి రౌటర్‌ను ఇంటి మధ్యలో, భోజనాల గది గోడకు ఆరడుగుల ఎత్తులో బిగించడం. వెనుక గదిలో అంకె మైనస్ 64కు వచ్చింది, హాలులో మైనస్ 50కి తగ్గింది. హాలులో పోగొట్టుకున్న ఆ బలం వల్ల ఎవరికీ ఏ తేడా తెలియలేదు, ఎందుకంటే మైనస్ 42కూ మైనస్ 50కీ మధ్య వాడేవారికి తేడా కనిపించడం అరుదు. బీరువా జరపడంతో కలిపి వెనుక గదిలో పెరిగిన పదిహేను డెసిబెళ్లు మాత్రం అక్కడ లాప్‌టాప్ పెట్టుకుని పనిచేసే మా ఆవిడకు రోజూ తెలిసింది. సిగ్నల్‌ను ఉన్నచోట ఇంకా పెంచుకోవడం కంటే లేనిచోటికి పంచడం మేలు.

బలం తర్వాత చూడవలసింది ఛానళ్లు. మన దేశంలో 2.4 గిగాహెర్ట్జ్ పట్టీని ఇంటా బయటా లైసెన్సు లేకుండా వాడుకోవడానికి 2005లో అనుమతించారు. 5 గిగాహెర్ట్జ్‌లో విశాలమైన భాగాన్ని 2018 అక్టోబరులో అలాగే విడిచిపెట్టారు. 2.4లో 13 ఛానళ్లున్నా, వాటి మధ్య దూరం ఐదేసి మెగాహెర్ట్జ్‌లే. ఒక్కో నెట్‌వర్క్ ఇరవై మెగాహెర్ట్జ్‌లు ఆక్రమిస్తుంది కనుక ఒకదానితో ఒకటి తగలకుండా ఉండటానికి సాధారణంగా వాడేవి 1, 6, 11. ఎనలైజర్‌లోని గ్రాఫ్‌లో ఒక్కో నెట్‌వర్క్ ఒక్కో గుట్టలాగా కనిపిస్తుంది, గుట్ట ఎత్తు బలాన్నీ వెడల్పు ఛానల్‌నీ చూపుతాయి. అపార్ట్‌మెంట్‌లో ఈ గ్రాఫ్ తెరిస్తే ఒకటి, ఆరు, పదకొండు మూడింటి మీదా గుట్టలు కిక్కిరిసి ఉంటాయి, మధ్యలో మూడో, నాలుగో, తొమ్మిదో ఖాళీగా ఉన్నట్టు కనిపిస్తాయి. అక్కడికి జరిగితే హాయిగా ఉంటుందని ఎవరికైనా అనిపిస్తుంది, కానీ గ్రాఫ్‌ను తప్పుగా చదివే చోటు సరిగ్గా ఇదే.

ఒకే ఛానల్‌లో ఉన్న రౌటర్లు ఒకదాని సందేశాన్ని ఒకటి వినగలవు. వీధి కుళాయి దగ్గర బిందెలు పెట్టుకుని వరుసలో నిలబడినవారిలా, ఒకటి మాట్లాడుతుంటే మిగిలినవి ఆగి తమ వంతు కోసం చూస్తాయి. ఆలస్యం అవుతుంది గానీ గొడవ ఉండదు. మూడో ఛానల్‌కు పోయిన రౌటర్‌కు ఒకటిలోని సందేశాలూ ఆరులోని సందేశాలూ సగం సగం చెవిన పడతాయి, అర్థం మాత్రం కావు. తనకు అర్థమయ్యే వైఫై సంకేతం మైనస్ 82 అంత బలహీనంగా ఉన్నా వైఫై పరికరం ఆగుతుంది. అర్థం కాని శక్తికి మాత్రం మైనస్ 62 వరకు లెక్కచేయదు. ఆ రెండింటి మధ్య ఉన్న పక్కింటి సిగ్నల్ మీదనే మాట్లాడేస్తుంది, ఇద్దరి సందేశాలూ చెడిపోతాయి, ఇద్దరూ మళ్లీ పంపవలసి వస్తుంది. కాబట్టి రద్దీ ఉన్నా సరే 1, 6, 11లలోనే ఉండి, వాటిలో తక్కువ బలమైన పొరుగువారు ఉన్నదాన్ని ఎంచుకోవాలి. 2.4లో ఛానల్ వెడల్పును 40 మెగాహెర్ట్జ్‌లకు పెంచే సెట్టింగ్‌ను అపార్ట్‌మెంట్‌లో ఆన్ చేయకూడదన్నది కూడా ఇందుకే. పట్టీలో సగం మనమే ఆక్రమిస్తే పొరుగువారి సంగతి అలా ఉంచి, మనకే తగిలే అడ్డంకులు రెట్టింపవుతాయి.

పదమూడో ఛానల్ ఖాళీగా కనిపించి ఆశపడేవారికి ఒక మాట. మన నియమాల ప్రకారం అది వాడవచ్చు. అమెరికాలో మాత్రం 12, 13 ఛానళ్లను సాధారణంగా వాడరు కనుక, అక్కడ కొన్న కొన్ని లాప్‌టాప్‌లకూ ఫోన్లకూ ఆ ఛానళ్లలోని నెట్‌వర్క్ అసలు కనిపించదు. డల్లాస్ నుంచో న్యూజెర్సీ నుంచో సంక్రాంతికి వచ్చిన బంధువులకు మన ఇంటి వైఫై మాత్రమే కనిపించకపోతే మొదట అనుమానించవలసింది దీన్నే.

ఇంకొక భారం జాబితాలో కనిపిస్తూనే కనిపించనట్టు ఉంటుంది. పాత పరికరాలకు అర్థం కావాలని చాలా రౌటర్లు 2.4లో బీకన్‌ను ఇప్పటికీ సెకనుకు ఒక మెగాబిట్ వేగంతో పంపుతాయి. సుమారు 300 బైట్ల బీకన్‌కు ఆ వేగంలో రెండు మిల్లీసెకన్లకు పైగా పడుతుంది. సెకనుకు పదిసార్లు అంటే ఒక్కో పేరు ఆ ఛానల్ సమయంలో రెండు శాతం తినేస్తుంది. ఆరో ఛానల్‌లో పదిహేను పేర్లు వినిపిస్తుంటే, ఎవరూ ఏమీ వాడకపోయినా సుమారు మూడోవంతు సమయం పేర్లు చెప్పుకోవడానికే ఖర్చయినట్టు. వాడని అతిథి నెట్‌వర్క్‌ను ఆపేయమని నేను అడిగినవారికీ అడగనివారికీ చెబుతుంటాను.

5 గిగాహెర్ట్జ్‌లో పరిస్థితి సుఖంగా ఉంటుంది, ఎందుకంటే చోటు ఎక్కువ, గోడలు దాటి వచ్చే పొరుగువారు తక్కువ. అక్కడ 36 నుంచి 48 వరకు ఒక గుంపు, 149 నుంచి పైకి ఒక గుంపు ఎక్కువగా వాడుకలో ఉంటాయి. మధ్యలో ఉన్న 52 నుంచి 144 వరకు రాడార్లతో పంచుకునేవి. వాటిని వాడే ముందు రౌటర్ ఒక నిమిషం పాటు రాడార్ ఉందేమో విని చూడాలి, మధ్యలో రాడార్ వినిపిస్తే ఆ ఛానల్ వదిలి పోవాలి. చాలా రౌటర్లు ఈ బెడద లేకుండా కింది గుంపులోనే ఉండిపోతాయి కనుక మధ్య భాగం తరచూ ఖాళీగా కనిపిస్తుంది. పరికరాలన్నీ దాన్ని అందుకోగలిగితే వాడుకోవడంలో నష్టం లేదు.

ఎనలైజర్ చూపని వాటిలో మొదటిది రద్దీ. జాబితాలో మైనస్ 60తో కనిపించే పొరుగింటి నెట్‌వర్క్‌లో ఆ క్షణాన ఎవరూ లేకపోవచ్చు, మైనస్ 80తో కనిపించేదానిలో నలుగురు ఒకేసారి క్రికెట్ చూస్తూ ఉండవచ్చు. కొన్ని రౌటర్లు తమ ఛానల్ ఎంత శాతం నిండి ఉందో, ఎన్ని పరికరాలు చేరి ఉన్నాయో బీకన్‌లోనే చెబుతాయి, కొన్ని ఎనలైజర్లు ఆ సంఖ్యను చూపిస్తాయి కూడా. అది దొరికితే గుట్టల ఎత్తు కంటే దాన్నే నమ్మాలి. రెండోది వైఫై కాని తరంగాలు. బ్లూటూత్ పరికరాలు, మైక్రోవేవ్ ఓవెన్ వంటివన్నీ 2.4 పట్టీలోనే పనిచేస్తాయి, అవి బీకన్లు పంపవు కనుక ఎనలైజర్ కంటికి ఆనవు. 2.45 గిగాహెర్ట్జ్ దగ్గర పనిచేసే ఓవెన్, మన 50 హెర్ట్జ్ కరెంటుతో కలిసి, ప్రతి 20 మిల్లీసెకన్లలో సుమారు సగం సేపు రొద చేస్తుంది. వంటింట్లో ఏదో వేడి చేస్తున్నప్పుడే కాల్ తెగుతుంటే జాబితాలో వెతకడం వృథా. అటువంటి తరంగాలను చూడటానికి స్పెక్ట్రమ్ ఎనలైజర్ అనే వేరే పరికరం కావాలి, ఫోను చాలదు.

మూడోది రౌటర్‌కు అవతల ఉన్న దారి. దీన్ని తేల్చడానికి నేను చేసే పని ఇది. సిగ్నల్ మైనస్ 60 కంటే మెరుగ్గా ఉన్న చోట కూర్చుని, ముందు రౌటర్ చిరునామాకే, అంటే చాలా ఇళ్లలో 192.168.1.1కు పింగ్ చేస్తాను, అంటే చిన్న సందేశం పంపి జవాబు ఎంతసేపటికి వస్తుందో చూస్తాను. జవాబులు కొన్ని మిల్లీసెకన్లలో నిలకడగా వస్తూ, బయటి సర్వర్‌కు చేసిన పింగ్ మాత్రం ఎగిరెగిరి పడుతుంటే లోపం కనెక్షన్ ఇచ్చినవారి వైపు ఉంది. ఛానళ్లు ఎన్ని మార్చినా ఫలితం ఉండదు. రౌటర్‌కు చేసిన పింగే వందలలోకి పోతుంటే లోపం మన గాలిలో ఉంది. సర్వీసు సెంటర్‌కు ఫోను చేసినప్పుడు ‘నెట్ స్లోగా ఉంది’ అనడం కంటే ఈ రెండు అంకెలూ చెప్పడం వల్ల ‘రౌటర్ ఆపి ఆన్ చేయండి’ అనే ఘట్టం త్వరగా ముగుస్తుంది.

రిపీటర్ (సిగ్నల్‌ను అందుకుని మళ్లీ పంచే పెట్టె) కొనాలనుకునేవారికీ ఎనలైజర్ ముందే దారి చూపుతుంది. సిగ్నల్ లేని గదిలోనే రిపీటర్ పెట్టడం ఎక్కువ ఇళ్లలో చూస్తుంటాను. తనకే మైనస్ 80తో అందుతున్న దాన్ని అది మళ్లీ పంచితే, ఫోనులో గీతలు నిండుగా కనిపిస్తాయి, వేగం మాత్రం రాదు. మైనస్ 60, 65 దగ్గర వచ్చే చోటు వెతికి అక్కడ పెట్టాలి. ఒకే రేడియోతో విని, అదే రేడియోతో మళ్లీ పంపే రిపీటర్ వేగాన్ని సగానికి తెస్తుంది. గోడ వెంట ఒక నెట్‌వర్క్ కేబుల్ లాగి రెండో రౌటర్‌ను యాక్సెస్ పాయింట్‌గా (తీగ ద్వారా వచ్చిన నెట్‌ను వైఫైగా పంచే పెట్టెగా) పెట్టుకోగలిగితే ఆ నష్టం ఉండదు. రెండు పెట్టెలు పెట్టాక ఫోను ఏదానికి అతుక్కుని ఉందో చిరునామాను బట్టి చూసుకోవాలి. ఐఫోన్ మైనస్ 70కి పడిపోయేదాకా మరో రేడియో కోసం వెతకదు. మ్యాక్ మైనస్ 75 దాకా ఆగుతుంది. రెండు పెట్టెల సిగ్నల్ ఒకదాని మీద ఒకటి మరీ బలంగా పడుతుంటే, పరికరాలు దూరపు పెట్టెను వదలకుండా వేలాడుతాయి. అప్పుడు రౌటర్ సెట్టింగ్స్‌లో ప్రసార శక్తిని ఒక మెట్టు తగ్గించడమే మందు.

ఏ మార్పు చేసినా ఒకసారికి ఒక్కటే చేసి, అదే చోట, అదే ఫోనుతో, వీలైతే రాత్రి తొమ్మిదింటి రద్దీ వేళలోనే మళ్లీ కొలవాలి. పగలు పదకొండింటికి ఖాళీగా ఉన్న ఛానల్ రాత్రికి నిండిపోతుంది. కొలతలు పూర్తయ్యాక డెవలపర్ ఆప్షన్స్‌లోని స్కాన్ త్రాట్లింగ్ స్విచ్‌ను తిరిగి ఆన్ చేయండి, ఎనలైజర్ యాప్‌కు ఇచ్చిన లొకేషన్ అనుమతిని తీసేయండి.